దిగమింగమన్న ఏడుపు

యుద్ధంలో ఓడిపోయి వచ్చిన రాజు, పరువు పోతుందని చాటింపు వేయించాడు: "మనవాళ్లెవరూ చావలేదు. ఏ ఇంట్లోనూ ఏడుపు వినబడకూడదు." ఊరంతా నోట్లో కొంగు కుక్కుకుంది. గంపలల్లే సుంకులమ్మ మాత్రం ఆపుకోలేకపోయింది. యుద్ధానికెళ్లిన కొడుకు సింగన్న ఇక రాడని ఆమెకు తెలుసు. గొంతెత్తి ఏడ్చింది. భటులు సభకు ఈడ్చుకొచ్చారు.

"నా ఆజ్ఞ వినలేదా?" అన్నాడు రాజు.

"విన్నాను ప్రభూ. ఎవరూ చావలేదన్నారుగా, మరి మా సింగన్నని ఇంటికి పంపించండి. వాడి ముఖం చూడగానే ఏడుపు ఆపేస్తాను."

పంపడానికి సింగన్న లేడు. లేడంటే చాటింపు అబద్ధమవుతుంది. రాజు తల దించుకున్నాడు.

"నీ కొడుకు చనిపోయాడమ్మా. ఏడువు."

సుంకులమ్మ సభలోంచి బయటికొచ్చి కోట మెట్లమీదే కూలబడింది. ఆమె ఏడుపు విని వీధివీధినా తలుపులు తెరుచుకున్నాయి. ఊరు ఊరంతా గొంతు విప్పింది.