కదలని తోకచుక్క

కొండలకూ సముద్రానికీ నడుమ ఒకానొక చిన్న రాజ్యం ఉండేది. దాన్ని మహీధరవర్మ అనే రాజు ఏలేవాడు. మనసు చెడ్డది కాదు గాని, తాను పొరబడ్డానని ఎవరైనా అంటే ఆయనకు ఆ పూట అన్నం సహించేది కాదు.

ఒకసారి హాలండు నుంచి వచ్చి రేవులో దిగిన వలందా వర్తకుడొకడు రాజుకు ఇత్తడి దుర్భిణి కానుకగా ఇచ్చాడు. ఆనాటి నుంచి రాజుకు ఆకాశం తప్ప మరో ధ్యాస లేదు. చీకటి పడగానే కోట బురుజెక్కి దుర్భిణికి కన్ను ఆనించేవాడు. మామూలు కంటికి ఏమీ లేనిచోట కూడా, తడిచేత్తో సున్నం అద్దినట్టు తెల్లని మరకలు కనిపించేవి. మరక కనిపిస్తే చాలు, రాజుకు అది తోకచుక్కే. ఏలినవారు ఇంకో తోకచుక్కను కనిపెట్టారని మర్నాడు ఊరూరా దండోరా వేసేవారు.

దండోరాతో పోతే బాగానే ఉండును. తోకచుక్క ఆకాశంలో ఉన్నన్నాళ్లూ నాగలి కట్టరాదని, విత్తు చల్లరాదని ఆస్థాన జ్యోతిష్కుడు యజ్ఞేశ్వర సోమయాజి రాజుచేత శాసనం చేయించాడు. అది పోయేదాకా శాంతిహోమాలు. కొలువంతా పొగలో కూర్చోవాలి.

ఆ కొలువులో మాచన అనే మంత్రి ఉన్నాడు. పెద్దరాజుగారి కాలం నుంచీ మాటకారి అని పేరు. ఇప్పుడు మోకాళ్లు పట్టేశాయి. అంతకంటే ముందే ఓపిక అరిగిపోయింది. ఎవరికీ కోపం రాకుండా నిజం చెప్పడమనే పనిని బతుకంతా చేసి అలసిపోయిన మనిషి ఆయన. ఇంటికి పోయాక కూడా ఒంటిమీద హోమం వాసనే. భార్య వేడినీళ్లు తోడితే, పోసుకునే ఓపిక లేక అలాగే నడుం వాల్చేవాడు.

ఆ ఏడు ఆరుద్ర కార్తెలో నేల నానేలా వాన పడింది. వాన వెలిసిన సాయంత్రమే రాజు తేలు ఆకారంలో ఉండే వృశ్చికరాశి మీదికి దుర్భిణి తిప్పి, తేలు కొండి పక్కన ఒక తెల్లమరకను పట్టుకున్నాడు. దండోరా మోగింది. నాగళ్లు ఆగిపోయాయి.

కొన్నాళ్లకు పైడయ్య అనే రైతు మాచన ఇంటికి వచ్చాడు. అరుగు మీద కూర్చోమన్నా కూర్చోలేదు.

"నేల పదును ఆరిపోతోంది బాబూ. ఇంకో రెండు ఎండలు కాస్తే నాగలి దిగదు. విత్తనాలు ఇంట్లోనే ముక్కిపోతాయి."

"సోమయాజిగారిని అడిగావా?"

"అడిగాను బాబూ. ఆకాశం కంటే నీ మడిచెక్క గొప్పదా అన్నారు."

"ఎద్దులకు మేత వేసి ఉంచు. ఈ సాయంత్రం బురుజెక్కి చూస్తాను," అన్నాడు మాచన.

ఆ సాయంత్రం ఆయన గోడ పట్టుకుని, మధ్య మధ్య ఆగుతూ మెట్లెక్కాడు. పైన రాజు, సోమయాజి, కొలువువారు ఉన్నారు.

"ఏలినవారి తోకచుక్కను ఈ ముసలికళ్లతో ఒకసారి చూసుకోనిస్తారా ప్రభూ?"

రాజు మురిసిపోయి పక్కకు జరిగాడు. మాచన కన్ను ఆనించాడు. నల్లబట్ట మీద పిడికెడు నూకలు చల్లినట్టు సన్నని చుక్కలు గుంపుగా మెరుస్తున్నాయి. తోక లేదు, పొగ లేదు. ఇంత అందమైనదాన్ని చూసి ఎద్దుల్ని కట్టేసుకున్నామా అనుకున్నాడు.

"కళ్లు చల్లబడ్డాయి ప్రభూ. మరి నిన్న ఇది ఎక్కడుంది?"

"ఇక్కడే, కొండి పక్కనే."

"మొన్న?"

"మొన్నా అక్కడే. కనిపెట్టిన నాటి నుంచీ వెంట్రుకవాసి కదల్లేదు."

మాచన సోమయాజి వైపు తిరిగాడు. "తోకచుక్క నడకను గురించి శాస్త్రం ఏమంటుంది స్వామీ?"

అడిగిందే తడవుగా సోమయాజి గొంతు సవరించుకున్నాడు. "తోకచుక్క ఒకచోట నిలవదు. నక్షత్రాల నడుమ రోజురోజుకూ స్థానం మారి తీరాలి. కదలనిది తోకచుక్క..." అంటూ రాజు ముఖం చూసి ఆగిపోయాడు.

"కదలనిది తోకచుక్క కాదు. అంతేనా? అంటే నేను పొరబడ్డానన్నమాట," అన్నాడు రాజు.

సోమయాజి ఒక అడుగు వెనక్కి వేశాడు.

"ఏలినవారు పొరబడలేదు," అన్నాడు మాచన. "చీకట్లో పోయే దొంగ, కోత్వాలు కంట పడగానే ఎక్కడివాడక్కడ కొయ్యబారిపోతాడు. ఇదీ అంతే. తమ చూపు పడింది, అడుగు పడటం మానేసింది."

రాజు మీసం మీద చెయ్యి వేసుకున్నాడు. "నిజమే సుమా."

"అయితే ప్రభూ, ఒక్క సందేహం. దొంగ దొరికాక కూడా జనాన్ని తలుపులు మూసుకుని కూర్చోమంటే, పట్టుకున్నవాడి మీద నమ్మకం లేనట్టు కాదా? తమరు పట్టి నిలబెట్టినదానికి భయపడి రైతు నాగలి కట్టడం మానేశాడంటే, అవమానం ఎవరికి?"

రాజు చెయ్యి మీసం మీదే ఆగిపోయింది. దుర్భిణి వైపు చూశాడు, ముసలి మంత్రి వైపు చూశాడు. కొలువువారిని దిగిపొమ్మని సైగ చేశాడు.

అందరూ వెళ్లాక మెల్లగా అడిగాడు. "ఇది తోకచుక్క కాదని నీకెప్పుడు తెలిసింది?"

"రెండోనాడు కొలువులో ఇది కదల్లేదని తమరే సెలవిచ్చినప్పుడు."

"అప్పుడే చెప్పలేకపోయావా?"

"చెబితే తమరు కోపించి, ఆ కోపం చల్లారి, ఆపైన ఒప్పుకునేసరికి పదును ఆరిపోతుందని భయపడ్డాను ప్రభూ. ఇలాంటి మాట ఒకటి దొరికేసరికి ఇన్నాళ్లూ పట్టింది. ముసలితనం."

రాజు తల దించుకున్నాడు. కాసేపటికి ఆయన భుజాలు కదిలాయి. నవ్వుతున్నాడు. "సరే, రేపెప్పుడో నిజంగానే ఒకటి కదిలిందనుకో. అప్పుడేమంటావు?"

"తమర్ని చూసి పారిపోతోందంటాను."

రాజు కళ్లనీళ్లు వచ్చేదాకా నవ్వాడు. తన శాలువ తీసి మాచనకు తానే కప్పాడు. శాసనం ఆ రాత్రికే రద్దయింది. ఆకాశంలో కదలని మరకలన్నిటినీ, ఏది ఏ చుక్క పక్కన ఉందో గుర్తులతో సహా రాసి పెట్టాలని, ఇకమీదట వాటిని చూసి ఎవరూ బెదరకూడదని రాజు ఆజ్ఞ ఇచ్చాడు. ఆ పని సోమయాజికి అప్పగించాడు.

మర్నాడు తెల్లవారకముందే ఊళ్లో ఎద్దుల గంటలు మోగాయి. మాచన అరుగు మీదికి వచ్చి నిలబడ్డాడు. పైడయ్య నాగలి భుజాన వేసుకుని, ఆగకుండానే చెయ్యెత్తి దణ్ణం పెట్టి చేను వైపు వెళ్లిపోయాడు.