శాంభవికి తెలిసిన జవాబు

పిల్లలూ, అమెరికాలో మీరు పెరుగుతున్న ఊళ్ళో ఎవరూ అవధానం చేయరు. కాబట్టి ఈ కథ మీ చెవిన పడి ఉండదు. బడిలో క్విజ్ ఉందని మీరిద్దరూ పోటీపడి అమెరికా అధ్యక్షుల సంగతులు వల్లెవేస్తుంటే నాకు ఇదే గుర్తొస్తోంది. విన్నది విన్నట్టే రాస్తున్నాను. ఎక్కడైనా ఒక మాట అటూ ఇటూ అయితే ఆ తప్పు నాది, చెప్పినవాళ్ళది కాదు.

ప్రొద్దుటూరులో చిదంబరావధానులు గారనే గురువు ఉండేవారు. ఆయన దగ్గర శాంభవి అనే అమ్మాయి డిగ్రీ చదువుకుంటూ అవధానం నేర్చుకునేది.

అవధానమంటే ఏమిటో చెప్పాలి కదా. మధ్యలో ఒకరు కూర్చుంటారు. చుట్టూ ఎనిమిది మంది. ఒకరు పద్యంలో ఒక పాదం ఇచ్చి మిగతా పాదాలు పూరించమంటారు, దాన్ని సమస్య అంటారు. ఒకరు ఫలానా అక్షరం రాకూడదంటారు. ఇంకొకరు మధ్యమధ్య గంట కొడతారు, ఎన్నిసార్లు కొట్టిందీ గుర్తుంచుకోవాలి. కాగితం ముట్టకూడదు. ఒక్కొక్కరికీ ఒక్కో పాదం చెప్పుకుంటూ తిరిగి, ఆఖర్న అన్ని పద్యాలూ పొల్లుపోకుండా అప్పజెప్పాలి. వీళ్ళలో ఒకాయన పని మాత్రం అడ్డం రావడమే. పద్యం అల్లుతున్న సమయం చూసి సంబంధం లేని ప్రశ్న వేస్తాడు. దాన్ని అప్రస్తుత ప్రసంగం అంటారు. అవధాని ఏదో ఒక సరదా మాటతో ఆయన్ని దాటుకుని మళ్ళీ పద్యం దగ్గరికి రావాలి.

శాంభవి మొదటి అవధానం ఊళ్ళో గ్రంథాలయం హాల్లో పెట్టారు. వాళ్ళ నాన్నకు ఈ విద్య మీద పెద్దగా నమ్మకం లేదు. ఇది బాగా జరిగితే నేర్చుకో, పద్యం మధ్యలో ఆగిపోతే మాత్రం రేపటి నుంచి బ్యాంకు పరీక్షలకు కూర్చో అన్నాడు. ఆ పిల్ల సరేనంది. అన్నాక భయం పట్టుకుంది.

అంతలో అడ్డం రాబోయేది కాలేజీలో చరిత్ర చెప్పే ఓబుళరెడ్డి గారని తెలిసింది. ఆయనకు అమెరికా అధ్యక్షులంటే పిచ్చి. పోయినసారి వచ్చిన అవధానిని వాళ్ళ మీద ప్రశ్నలడిగి ఉక్కిరిబిక్కిరి చేశాడట. శాంభవి ఆ సాయంత్రమే గ్రంథాలయానికి పరుగెత్తింది. దర్జీపని చేసి పైకొచ్చిన అధ్యక్షుడెవరు, పదవి దిగాక సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తి అయిందెవరు, ప్రమాణం చేసిన నెలకే పోయిందెవరు, ఇంగ్లీషు కాక డచ్చి మాట్లాడుతూ పెరిగిందెవరు, అన్నీ నేర్చింది. నేర్చినకొద్దీ నేర్వనివి ఎక్కువగా కనబడ్డాయి. అన్నం ముందు కూర్చుని పేర్లు గొణుక్కునేది. దారిలో నడుస్తూ నడుస్తూ ఆగి, ఒక సంవత్సరం గుర్తు రాక వెనక్కి తిరిగి ఇంటికి పోయి పుస్తకం చూసేది. నిద్ర సరిగా పట్టేది కాదు.

గురువుగారి దగ్గర పద్యం మొదలుపెడితే రెండో పాదానికే తడబడేది. ఆయన ఏమైందమ్మా అని అడిగితే గడగడా అధ్యక్షుల సంగతులన్నీ అప్పజెప్పింది. ఆయన ఓపిగ్గా విన్నారు. బాగా నేర్చావన్నారు.

"నాకు తెలియనిది అడిగితే ఎట్లా గురువుగారూ?" అంది.

ఆయన రేపు మధ్యాహ్నం రా, అరుగు మీద కూర్చుని సాధన చేద్దామన్నారు.

మరునాడు శాంభవి పుస్తకాలు లేకుండా వచ్చింది. గురువుగారి ఇల్లు బజారు వీధిలో ఉండేది, అరుగు రోడ్డు మీదికే. ఆయన సమస్య ఇచ్చారు. శాంభవి కళ్ళు మూసుకుని మొదటి పాదం చెప్పింది. ఆయన మళ్ళీ ఒకసారి చెప్పు, ఒక అక్షరం చూడాలి అన్నారు.

ఇంతలో సైకిలు మీద ఒకాయన ఆగి, సామీ, ఆసుపత్రికి ఎట్ల పోవాల అన్నాడు. గురువుగారు లేచి, చెప్పులేసుకుని, కిందికి దిగి దారి చెప్పారు. అంతటితో ఊరుకోలేదు. ఆ ఆసుపత్రి ముందు ఎక్కడుండేదో, ఎందుకు మార్చారో, పాత కట్టడంలో ఇప్పుడు ఏ అంగడి ఉందో అంతా చెప్పారు. ఆ మనిషి ఒక కాలు నేల మీద, ఒక కాలు పెడలు మీద పెట్టి తలాడిస్తూ నిలబడ్డాడు. పేషెంటు ఎదురుచూస్తాండాడు సామీ అని వెళ్ళిపోయాడు.

ఆయన వచ్చి కూర్చున్నారు. శాంభవి మళ్ళీ మొదటి పాదం అందుకుంది. కరివేపాకు అమ్మే ఆమె గంప దించి, ఈ ఆకు ఏ ఊరిదో చెప్పు సామీ చూద్దాం అని నవ్వింది. గురువుగారు లేచి, ఆకు వాసన చూసి, ఊరి పేరు చెప్పి, ఆ ఊళ్ళో నేల ఎలాంటిదో చెప్పి, అక్కడ తనకు బంధువులు ఎవరున్నారో కూడా చెప్పారు. తర్వాత బడి పిల్లలు టైమెంతయిందని అడిగారు. గడియారం ఎందుకు ఆలస్యంగా నడుస్తోందో వివరించే వరకూ ఆయన వాళ్ళను కదలనివ్వలేదు.

ఎండ అరుగు దిగి రోడ్డు మీదికి పోయింది. శాంభవి నోట్లో మొదటి పాదం అట్లాగే ఉంది. అవధానం దగ్గర పడుతోంది, ఈ ముసలాయన వీధిలో పోయేవాళ్ళతో పొద్దు పుచ్చుతున్నాడు. కోపం, ఏడుపు రెండూ వచ్చాయి. ఎదురింటాయన ఏదో అడగబోతుంటే గురువుగారు మళ్ళీ చెప్పుల కోసం కాలు చాచారు.

"అడిగినవాళ్ళందరికీ మీరే చెప్పాలా గురువుగారూ?" అంది శాంభవి.

ఆయన ఒక కాలికి చెప్పు వేసుకుని, రెండోది వెతుక్కుంటూ, తల తిప్పకుండానే అన్నారు.

"నాకు తెలుసు కదమ్మా."

ఎదురింటి వైపు వెళ్ళిపోయారు. శాంభవి కాసేపు చూసి లేచి ఇంటికి పోయింది.

అవధానం రోజు హాలు నిండింది. వాళ్ళ నాన్న ద్వారం దగ్గరే కూర్చున్నాడు. రెండు ఆవృత్తాలు, అంటే అందరి దగ్గరికీ రెండు చుట్లు, బాగా నడిచాయి. ఓబుళరెడ్డి గారు అప్పటిదాకా చిన్న చిన్న హాస్యాలతో సరిపెట్టుకున్నారు. మూడో ఆవృత్తంలో సమస్య ఇచ్చినాయన వైపు శాంభవి తిరిగింది. అది కష్టమైన పాదం. ప్రాస కుదిరీ కుదరక నాలుక చివర ఆడుతోంది. ఓబుళరెడ్డి గారు సరిగ్గా అప్పుడే గొంతు సవరించుకున్నారు.

"అమ్మాయీ, అమెరికా అధ్యక్షుల్లో ఒకాయన తన సమాధి రాతి మీద ఏం రాయాలో తానే రాసిపెట్టి పోయాడు. చేసిన పనులు మూడు రాసుకున్నాడు. అధ్యక్షుడిగా చేశానన్న మాట మాత్రం రాసుకోలేదు. ఎవరాయన?"

శాంభవికి తెలుసు. పేరు తెలుసు, ఆ మూడు పనులూ తెలుసు, ఆయన ఎన్నేళ్ళు పదవిలో ఉన్నాడో తెలుసు. అన్నీ ఒక్కసారిగా లేచి వచ్చాయి. వాటి వెనకాల మూడో పాదం జారిపోవడం కూడా ఆమెకు తెలుస్తూనే ఉంది.

"ఇది నా మొదటి అవధానమండీ," అంది. "అప్పుడే సమాధి దాకా తీసుకుపోతారా?"

హాలు గొల్లుమంది. ఓబుళరెడ్డి గారు కూడా నవ్వారు. కానీ వదల్లేదు.

"మాట బాగుంది పాపా. పేరు మాత్రం తెలియదన్నమాట."

నవ్వులు ఆగిపోయాయి. అందరూ ఆమె ముఖంలోకి చూశారు. ముందు వరసలో ఎవరో పాపం అన్నారు. ద్వారం దగ్గర నాన్న సర్దుకుని కూర్చున్నాడు. ఒక్క మాట అంటే చాలు. ఆ పేరు పెదవుల దాకా వచ్చింది.

శాంభవి ఆయనకు నమస్కారం పెట్టి, సమస్య ఇచ్చినాయన వైపు తిరిగి, మూడో పాదం చెప్పింది.

ఆఖర్న పద్యాలన్నీ అప్పజెప్పింది. ఎక్కడా ఆగలేదు. శాలువా కప్పారు. వాళ్ళ నాన్న బ్యాంకు పరీక్షల మాట మళ్ళీ ఎత్తలేదు.

అంతా అయ్యాక ఓబుళరెడ్డి గారు వేదిక దగ్గరికి వచ్చారు. మంచి మనిషే ఆయన. పద్యం బాగా చెప్పించారు స్వామీ, చరిత్ర కూడా కాస్త చదివించండి అని గురువుగారితో అన్నారు. చదివించాలి అన్నారు గురువుగారు, శాంభవి వైపు చూడకుండా.

"ఆ సమాధి రాయి కథేమిటో మీరే చెప్పండి సార్," అంది శాంభవి.

ఆయన సంతోషంగా కుర్చీ లాక్కుని చెప్పడం మొదలుపెట్టారు. దేశానికి స్వాతంత్ర్య ప్రకటన రాయడం, తన రాష్ట్రంలో ఎవరి మతం వాళ్ళదేనని చట్టం రాయడం, ఒక విశ్వవిద్యాలయం పెట్టడం. రాతి మీద ఈ మూడే. అంత పెద్ద పదవిని అట్లా వదిలేశాడమ్మా, ఎంత మనిషో చూడు అన్నారు.

శాంభవి మొదటిసారి వింటున్నట్టు విన్నది. నిజంగా మొదటిసారే విన్నదేమో.

పిల్లలూ, ఇంతే కథ. ఆ అధ్యక్షుడెవరో మీకు ఈపాటికే తెలిసి ఉంటుంది, చెయ్యి కూడా ఎత్తి ఉంటారు. రేపు మీ తర్వాతి వాళ్ళకు ఈ కథ చెప్పండి, మరిచిపోకండి. చెప్పేటప్పుడు ఆయన పేరు చెప్పాలా వద్దా అన్నది మీకే వదిలేస్తున్నాను.