మొగలిరేవులో కరెంటు వించి

ఒకరోజు పొద్దున్నే పందుంపుల్ల నములుతూ ఉండగా మొగలిరేవు రాజా శోభనాద్రి బహద్దరువారికి ఒక కోరిక పుట్టింది. తమ విహారపు పడవను ఇకమీదట మనుషులు లాగకూడదు. కరెంటు లాగాలి.

అప్పటిదాకా ఏటా వరదలకు ముందు ఆ పడవను చక్రాల బండి మీదికి ఎక్కించి, ముప్పై మంది మోకులు పట్టుకుని గోదావరి పాయలోంచి ఒడ్డు మీది కొట్టంలోకి లాగేవాళ్లు. వాళ్లకు పెద్ద సరంగు గంటయ్య.

"కామేశం! పౌర్ణమికి కొండమల్లి జమీందారుగారు వస్తున్నారు. ఆయన కళ్లముందు రాణీగారు మీట నొక్కాలి, పడవ ఒడ్డెక్కాలి. చేయగలవా?" అన్నారు రాజావారు.

కామేశం అంటే నేనే, ఆస్థాన ఇంజనీరుని. మద్రాసులో రెండేళ్లు ఇంజనీరింగు చదివాను. మూడో ఏడు వాళ్లు చదవనివ్వలేదు. ఆ సంగతి ఆస్థానంలో ఎవరికీ తెలియదు. అప్పుడప్పుడు నాకే గుర్తుండేది కాదు.

"చిటికెలో పని ప్రభూ! యంత్రం వచ్చాక ఆ ముప్పై మందితో పనేముంది? పంపించేయొచ్చు."

"ముందు పడవ ఎక్కనీ. తర్వాత అలాగే చేద్దాం."

పక్కనే ఉన్న గంటయ్య ఆ మాట విన్నాడు.

మద్రాసు నుంచి పడవను లాగే యంత్రం, వించి, దిగింది. ఉక్కుతాడు చుట్టుకునే డ్రమ్ము, దాన్ని తిప్పే మోటారు, అంతే. నేను రేవు ఒడ్డున ఇసకలో రెండు దుంగలు పాతించి, వాటికి పలక కొట్టించి, పలక మీద వించిని బోల్టులతో బిగించాను. కోటలోని డైనమో నుంచి తీగ లాగించాను. కొత్త తలపాగా కూడా కొనుక్కున్నాను. పనిలో సగం ఆ తలపాగానే అనిపించింది.

గంటయ్య వచ్చి దుంగను కాలితో తట్టి చూశాడు.

"బాబుగారూ, ఇది ఇసక. పడవ బరువుకి ఈ దుంగలు ఊడొస్తాయి. పక్కనే రాతి స్తంభం ఉంది గదా, గొలుసేసి దానికి కట్టించండి."

"గొలుసు కడితే చూడ్డానికి ఏం బాగుంటుంది? నువ్వు తెడ్ల సంగతి చూసుకో గంటయ్యా."

పౌర్ణమి రానే వచ్చింది. మధ్యాహ్నానికి రేవంతా జనం. పడవను బండి మీదికి ఎక్కించి, బండికి ఉక్కుతాడు తగిలించాం. సరిగ్గా అప్పుడే రాజావారికి ఇంకో సరదా పుట్టింది. పడవలో కూర్చునే ఒడ్డెక్కుతామని, జమీందారుగారిని పక్కన కూర్చోబెట్టుకున్నారు. ఒడ్డున రాణీగారు మీట నొక్కారు.

మోటారు గుర్రుమంది. ఉక్కుతాడు బిగుసుకుంది. బండి చక్రాలు బురదలో దిగబడి ఉన్నాయి, పడవ అంగుళం కదల్లేదు.

దుంగలు కదిలాయి.

ముందు ఒకటి ఊడింది, వెంటనే రెండోది. పలకతో సహా వించి ఇసక మీద జారుతూ పడవ వైపు బయల్దేరింది. "ఆగు, ఆగు!" అంటూ నేను పరుగెత్తి దాన్ని కావలించుకున్నాను. అది నన్ను కూడా తీసుకుపోయింది. కంగారులో రాణీగారు మీట వదలడం మరిచిపోయారు. చివరికి యంత్రమూ నేనూ పడవ ముందు బురదలో బోర్లా పడ్డాం. తలపాగా ప్రవాహంలో కలిసిపోయింది.

జమీందారు పొట్ట పట్టుకుని నవ్వాడు. "శోభనాద్రిగారూ! పడవ ఒడ్డుకు రాలేదు గానీ, ఒడ్డే పడవ దగ్గరికి వచ్చిందండీ!"

రాజావారి ముఖం కందగడ్డలా అయింది. "కామేశం! ఏమిటిది?"

నోటినిండా బురద. ఉద్యోగం ఊడినట్టే అనుకున్నాను. అంతలో గంటయ్య ముందుకొచ్చి చేతులు కట్టుకున్నాడు.

"ప్రభూ, తమరు పడవలో కూర్చుని ఉండగా తమర్ని తన దగ్గరికి లాక్కునేంత పొగరు ఆ యంత్రానికి ఎక్కడిది? తనే దర్శనానికి వచ్చింది. సాష్టాంగం ఎలా చేయాలో ఇంజనీరుగారు దానికి చూపిస్తున్నారు!"

జమీందారు నవ్వు ఆగిపోయింది. రాజావారి నవ్వు మొదలైంది.

"దర్శనం అయిందిలే. మేం దిగుతాం. ఇక నువ్వే ఎక్కించు గంటయ్యా."

ముప్పై మందీ వించిని మోసుకుని మళ్లీ ఒడ్డున పెట్టారు. గంటయ్య దాన్ని గొలుసుతో రాతి స్తంభానికి బిగించాడు. చక్రాల ముందు బురద తోడించి చెక్కలు పరిపించాడు. నేను ముఖం తుడుచుకుంటూ చూశాను. నిజం చెప్పాలంటే, ఆ గొలుసు చూడ్డానికి బాగానే ఉంది. రాణీగారు మీట నొక్కగానే పడవ బుద్ధిగా ఒడ్డెక్కి కొట్టంలోకి వెళ్లిపోయింది.

జమీందారు మాత్రం ఊరుకోలేదు. "బాగుంది. మరి యంత్రమే లాగుతుంటే ఈ ముప్పై మందిని ఇంకా పోషించడం ఎందుకండీ?"

రాజావారు ఆలోచనలో పడ్డారు. బురద కాళ్లతో నిలబడ్డ ముప్పై మందీ ఆయన వైపే చూశారు. నేను నేల చూపులు చూశాను. ఆ సలహా మొదట ఇచ్చింది నేనే గదా.

"ఏమంటావు గంటయ్యా?" అన్నారు రాజావారు.

గంటయ్య నన్ను కిందినుంచి పైదాకా తీరిగ్గా చూసి, వినయంగా అన్నాడు.

"ఇంజనీరుగారు ఆస్థానంలో ఉన్నంతకాలం, యంత్రాన్ని వెనక్కి మోసుకురావడానికి ముప్పై మందైనా ఉండాలి ప్రభూ!"

రేవంతా గొల్లున నవ్వింది. రాజావారు కళ్లు తుడుచుకుంటూ తమ మెడలోని ముత్యాలహారం తీసి గంటయ్య మెడలో వేశారు. ముప్పై మందీ ఎప్పటిలాగే కొలువులో ఉంటారని అక్కడే ప్రకటించారు. 'ఆస్థానంలో ఉన్నంతకాలం' అన్న ఆ ఒక్క మాటతో గంటయ్య నా ఉద్యోగం కూడా నిలబెట్టాడని నాకు కాస్త ఆలస్యంగా అర్థమైంది. అర్థమయ్యాక అందరికంటే గట్టిగా నవ్వింది నేనే.