బోర్లించిన శిలాఫలకం

మంగళవారం సాయంత్రం ఐదు గంటల నలభై నిమిషాలకు కంబగిరి వీధి కుళాయి కింద మోచేతుల దాకా కడుక్కొని, తువ్వాలుతో తుడుచుకొని, దేవసహాయం సారు ఇంటి అరుగు ఎక్కాడు. ఎంత కడిగినా గోళ్ల సందుల్లోని రాతిపిండి పోదు. ఆ చేతులతోనే నోటుబుక్కు తెరుస్తాడు. నలభై ఆరేళ్ల వయసులో ఇంగ్లీషు నేర్చుకుంటున్న శిల్పి అని ఊళ్లో కొందరు వేళాకోళం చేసేవారు. శిల్పి అన్న మాట కూడా వేళాకోళమే. అతను దేవుళ్లను చెక్కడు. అక్షరాలు చెక్కుతాడు. సమాధుల మీద పేర్లు, ప్రభుత్వ భవనాల గోడలకు బిగించే శిలాఫలకాలు, అంతే.

అతన్ని ఆ అరుగు ఎక్కించింది ఒక తప్పు. రెండేళ్ల కిందట సారు భార్య చనిపోతే ఆమె సమాధికి రాయి అతనే చెక్కాడు. అప్పటికి ఇంగ్లీషు అక్షరాలు అతనికి బొమ్మలే. కాగితం మీద గీసి ఇచ్చినదాన్ని రాతి మీదికి దించడమే తెలుసు. పుట్టిన తేదీ, పోయిన తేదీ తారుమారయ్యాయి. నెల తిరిగాక సారు అతను రాళ్లు చెక్కే కొట్టానికి వచ్చి, "నీ లెక్క ప్రకారం మా ఆవిడ పోయిన యాభై ఎనిమిదేళ్లకు పుట్టిందయ్యా" అన్నాడు. కంబగిరి కొత్త రాయి చెక్కి ఇస్తానన్నాడు. "రాయి అట్లాగే ఉండనీ. నువ్వు సాయంత్రాలు రా" అన్నాడు సారు.

దేవసహాయం సారు మిషన్ హైస్కూల్లో ముప్ఫై నాలుగేళ్లు ఇంగ్లీషు వ్యాకరణం చెప్పి రిటైరైనవాడు. ఆయనకొక అలవాటు ఉంది. ఏ క్రియారూపం గురించి అడిగినా ఆ రోజే జవాబు చెప్పడు, పుస్తకం తియ్యడు. 'మే' అనడానికీ 'మైట్' అనడానికీ తేడా ఏమిటని కంబగిరి అడిగినప్పుడు, మర్నాడు అతన్ని బస్టాండుకు తీసుకుపోయి డోన్ బస్సు కోసం గంటన్నర నిలబెట్టాడు. బస్సు రాలేదు. "ఐదింటి దాకా మే. ఐదు దాటినాక మైట్. పద, ఇంటికి పోదాం" అన్నాడు. పాఠ్యపుస్తకం కూడా లేదు. పాత ఇంగ్లీషు పత్రికలే పాఠాలు.

ఆ మంగళవారం నాటి పాఠం నాలుగు వరుసల వార్త. ఎక్కడో ఒక వంతెన గురించి. కంబగిరి వేలు పెట్టి చదువుతూ ఒకచోట ఆగాడు. 'వాజ్ టు హావ్ బీన్ ఓపెన్డ్ ఆన్ మండే.'

"ఏంది సార్ ఇది? ఒక్క పనికి ఇన్ని మాటలా? రాతి మీదైతే ఓపెన్డ్ అని ఆరక్షరాలతో తేలిపోతుంది."

"ఇది రాయి కాదు కదా."

"అది సరే. సోమవారం తెరిచినారా, తెరవలేదా? తెరిచింటే తెరిచినామని చెప్పల్ల. లేకుంటే లేదని చెప్పల్ల. దీంట్లో లేదన్న మాటే లేదు. అయినా చదువుతాంటే లేదనే అనిపిస్తాంది."

సారు కళ్లద్దాలు తీసి అతని వైపు చూశాడు. రెండేళ్లలో కంబగిరి ఒక వాక్యం మీద గొంతు పెంచడం అదే మొదలు. "దీనితో నీకేం తొందర వచ్చింది?" అని అడిగాడు.

తొందర ఉంది. ఆ ఉదయమే ఇంజనీరు మనిషి వచ్చి చెప్పి పోయాడు. కనుమ కింద మలుపులో కట్టిన ఐదూళ్ల ఆసుపత్రిని సోమవారం మంత్రిగారు తెరుస్తారు. దాని శిలాఫలకం మూడేళ్ల కిందట కంబగిరే చెక్కాడు. అప్పుడు ప్రారంభం వాయిదా పడింది. ఆ రాతి మీద పాత తేదీ అరగదీసి, కొత్త తేదీ చెక్కి, శుక్రవారానికి ఇవ్వాలి. కంబగిరి ఇంతవరకూ సారుకు చెప్పాడు.

"రాయి ఎక్కడుంది?"

"ఇంట్లో సార్. బోర్లా వేసినా. మా ఇంటామె దాని మీద బట్టలుతుకుతాది."

చెప్పనిది వేరే ఉంది. ఆ సంవత్సరం ఆగస్టు ఆరున రాయిని ట్రాక్టరు మీద ఎక్కించి, మర్నాడే అతను తాడిపత్రికి పనిమీద పోయాడు. ఇరవైన తిరిగొచ్చాడు. ఇరవై రెండున, పురిటికి వచ్చిన కూతురు ఉరుకుందమ్మకు నొప్పులు మొదలయ్యాయి. ఆటో మాబాషా టౌను పెద్దాసుపత్రికి పోదామన్నాడు. అది ఉత్తరాన ముప్ఫై కిలోమీటర్లు. కనుమ కింద కొత్త ఆసుపత్రి దక్షిణాన ఏడే. "తొమ్మిదో తేదీనే తెరిచినారు, ఆడికే పోనీ" అన్నాడు కంబగిరి. కొత్త సున్నం వేసిన భవనం, కొత్త తాళం. నర్సు అన్నానికి పోయి ఉంటుంది, వస్తుందని మెట్ల మీద ముప్పావు గంట కూర్చున్నారు. తర్వాత ఆటోను వెనక్కి తిప్పారు. రైల్వే గేటు దాటాక ఆ అమ్మాయి పోయింది. కడుపులో బిడ్డ కూడా.

తెరిచారని నీకెవరు చెప్పారని భార్య చౌడమ్మ అడిగితే, బస్టాండులో ఎవరో అన్నారని చెప్పాడు. నిజానికి ఎవరూ అనలేదు. 'తొమ్మిదవ తేదీన ప్రారంభించబడినది' అని తన చేత్తో తనే చెక్కాడు. చెక్కినదాన్నే నమ్మాడు. నెల తర్వాత కాంట్రాక్టరు ట్రాక్టరు ఆ రాయిని కొట్టం ముందు దించిపోయింది. తేదీ మారిందట, మళ్లీ చెప్పేదాకా ఉండనీ అన్నారు. కొట్టంలో ఉంటే వచ్చేపోయేవాళ్లు చదువుతారు. అందుకని దాన్ని ఇంటికి తెచ్చి, దొడ్లో రెండు గుండ్ల మీద బోర్లా వేశాడు. చౌడమ్మకు చదువు రాదు. ఇన్నాళ్లకు మంచి రాయి దొరికిందని సంతోషపడింది.

బుధవారం పొద్దున ఏడుంబావుకు దేవసహాయం సారు గొడుగు ఊతంగా పట్టుకొని ఆ దొడ్లోకి వచ్చాడు. చౌడమ్మ బట్టలుతుకుతోంది. కొంగు సర్దుకొని లేచింది.

"రాండి సారూ. కూచోండి, టీ పెడతా. మా ఆయప్ప ఇంగ్లీసు యాడిదాకా వచ్చింది? నన్ను తిట్టేకాటికి వచ్చిందా?"

"ఆ పాఠం ఇంకా రాలేదమ్మా. టీ తర్వాత తాగుతాను." ఆయన కంబగిరి వైపు తిరిగాడు. "ఆ రాయిని ఒకసారి తిరగెయ్యి."

కంబగిరి కదల్లేదు.

"ఇంకా రెండు దుప్పట్లుండాయి సారూ" అంది చౌడమ్మ. "అయినా బండకు ఇంగ్లీసుకు ఏం సంబంధం?"

"తిరగెయ్యి" అన్నాడు సారు మళ్లీ, అదే గొంతుతో.

కంబగిరి గడ్డపార తెచ్చాడు. రాయి మూడడుగుల పొడవు, రెండడుగుల వెడల్పు. ఒక పక్క గుండు మీద నుంచి లేపి నిలబెట్టి, మెల్లగా అవతలి వైపు వాల్చాడు. కింద తడి మట్టి, తెల్లగా పేరుకున్న సబ్బు నురగ, నాలుగైదు వానపాములు. పై ముఖం మూడేళ్ల ఉతుకులకు అరిగి నున్నబడింది. కిందున్న ముఖం అరగలేదు. ఎండా తగలక, కాలూ తగలక, అక్షరాలు చెక్కిన రోజున ఉన్నంత పదునుగా ఉన్నాయి. చౌడమ్మ చెంబుతో నీళ్లు పోసింది. మట్టి కారిపోయి వరుసలు తేలాయి.

ఆమె చాలాసేపు చూసింది. "రాతలుండాయే దీని మింద! ఏమని ఉండాది సారూ?"

"చెక్కినవాడు నీ పక్కనే ఉన్నాడు. అతన్ని అడుగు."

కంబగిరి వంగి రాతి మీద చెయ్యి పెట్టాడు. ఆ వరుసలు అతనికి కళ్లు మూసుకున్నా తెలుసు. "ఐదూళ్ల ఆసుపత్రి" అన్నాడు. మంత్రిగారి పేరు, ఆయన బిరుదులు చదివాడు. "ఆగస్టు తొమ్మిదో తేదీన" అన్నాడు. తర్వాతి మాట చెక్కి ఉంది. ఉన్నది ఉన్నట్టు చదివితే చాలు. చౌడమ్మకు తేడా తెలిసేది కాదు. అతని నోరు ఆ మాట దగ్గరికి పోయి వెనక్కి వచ్చింది.

"తొమ్మిదో తేదీన... తెరవాల్సుండె" అన్నాడు.

 కుళాయి కింద బకెట్టు నిండి పొర్లుతోంది. ఎవరూ కట్టెయ్యలేదు.

చౌడమ్మ వేళ్ల మీద లెక్కపెట్టుకుంది. తొమ్మిది నుంచి ఇరవై రెండు దాకా. పదమూడు దగ్గర ఆపింది. "బస్టాండులో ఎవురో చెప్పినారంటివి" అంది.

"ఎవురూ చెప్పలే."

"మరి?"

అతను రాతి మీది నుంచి చెయ్యి తియ్యలేదు. ఆమె ఆ చేతినీ, రాయినీ, మళ్లీ చేతినీ చూసింది. ఆమె అరిస్తే బాగుండుననుకున్నాడు కంబగిరి. ఆమె కుళాయి కట్టేసి, మిగిలిన దుప్పట్లు గంపలో వేసుకొని, గంప నడుముకెత్తుకుంది.

"మూడేండ్లు దీని మిందనే నా బిడ్డ చీరలు గూడా ఉతికితి" అంది.

"శుక్రవారానికి ఆ తేదీ తీసెయ్యమన్నారు" అన్నాడు కంబగిరి. అదెందుకు చెప్పాడో అతనికే తెలియదు. ఏదో ఒకటి అనాలి కాబట్టి అన్నాడు.

చౌడమ్మ గుమ్మం దగ్గర ఆగింది. "తియ్యి. నున్నగా తియ్యి. అది పోతే మళ్లా బస్టాండులో ఎవురో చెప్పినారంటువు గానీ." లోపలికి పోయింది. సారుకు టీ రాలేదు.

సారు గొడుగు అందుకున్నాడు. వీధిలోకి అడుగుపెట్టాక కంబగిరి వెనకాలే వచ్చి, "సార్, నిన్న అడిగినదానికి..." అన్నాడు. "ఎవరు అడిగారో వాళ్లే చెప్పుకున్నారు కదయ్యా" అని ఆయన నడుచుకుంటూ పోయాడు.

రాయిని కొట్టానికి చేర్చి, గురువారమంతా కంబగిరి దాని ముందు కూర్చున్నాడు. రెండుసార్లు ఉలి పాత తేదీ మీద ఆనించాడు. రెండుసార్లూ తీశాడు. సాయంత్రానికి దాని జోలికి పోకుండా, దాని కిందనే కొత్త తేదీ చెక్కాడు. అదే కొలత, అదే లోతు. శుక్రవారం పదింటికి ఇంజనీరు స్వయంగా జీపులో వచ్చాడు.

"ఏంటయ్యా, రెండు తేదీలున్నాయి?"

"రెండూ మీరిచ్చినవే సార్."

"పాతది తీసెయ్యమని చెప్పానా లేదా? ఇప్పుడు మంత్రిగారికి నేనేం చెప్పుకోవాలి? ఒక ఆసుపత్రిని రెండుసార్లు తెరిచారనా?"

"ఒకసారన్నా తెరవండి సార్."

ఇంజనీరు అతని ముఖం చూసి, వాచీ చూసుకున్నాడు. వేరే రాయికి వ్యవధి లేదు. తెర ఎట్లాగూ ఉంటుంది, లాగిన నిమిషంలో ఫొటో అయిపోతుంది, తర్వాత సిమెంటు పూయించవచ్చు అని డ్రైవరుతో అంటూ రాయిని జీపు వెనకకు ఎక్కించాడు. ఆ సాయంత్రమే దాన్ని గోడకు బిగించి ఎర్ర తెర వేశారని తెలిసింది.

సోమవారం తెల్లవారగానే కంబగిరి పక్క మండలంలో ఒక సమాధి పనికి బయలుదేరాడు. ప్రారంభం చూసే ధైర్యం లేదు. బుధవారం నుంచి చౌడమ్మ అతనితో అన్నానికీ నీళ్లకూ తప్ప మాట్లాడలేదు. బస్సులో పక్క సీటు రైతు అతన్ని గుర్తుపట్టి, "కనుమ కింద ఆసుపత్రి ఈ పొద్దు తెరిచేదంట కదా? ఆ రాయి నువ్వే చెక్కినావంట?" అన్నాడు.

"చెక్కినా. తెరిచేది నేను సూడలే" అన్నాడు కంబగిరి.

అక్కడ పని మూడు రోజులు పట్టింది. గురువారం మధ్యాహ్నం బస్సు దిగితే ఆటో మాబాషా కనబడ్డాడు. సాయంత్రం ఐదు గంటల నలభై నిమిషాలకు కంబగిరి మోచేతుల దాకా కడుక్కొని సారు అరుగు ఎక్కాడు. నోటుబుక్కు తెరవలేదు. మాబాషా చెప్పినదంతా వరసగా చెప్పాడు. మంత్రిగారి పర్యటన రద్దయింది. మళ్లీ ఎప్పుడో తెలియదు. షామియానా విప్పుకుపోయారు. తలుపుకు తాళం అట్లాగే ఉంది. సిమెంటు పూయడానికి కూడా ఎవరూ రాలేదు. సోమవారం పొద్దున తొమ్మిదింటికి చౌడమ్మ ఒక్కతే మాబాషా ఆటోలో అక్కడికి పోయింది. జనం వెళ్లిపోయినా మధ్యాహ్నం మూడింటి దాకా అవే మెట్ల మీద కూర్చుంది. తర్వాత లేచి, తెర అంచు పైకెత్తి, రాతి మీద ఒకసారి చేత్తో తడిమి, తెర మళ్లీ సరిగ్గా దించి, ఆటో ఎక్కనని చెప్పి నడిచి ఇంటికి వచ్చింది. ఇంట్లో ఆమె ఈ సంగతి ఎత్తలేదు.

సారు చేతిలోని పాత పత్రికను నాలుగు మడతలు పెట్టాడు. 

"రెండో తేదీ కింద చోటు వదిలావా?" అని అడిగాడు.