రాజుగారికి వీపు చూపిన లెక్క

రండి పిల్లలూ, దగ్గరికి జరిగి కూర్చోండి. నాకు తలచుకుంటేనే ఒళ్ళు మండే కథ ఇది.

పూర్వం ఒక రాజ్యంలో గవరమ్మ అనే ఆమె గానుగ ఆడించేది. ఆమె కూతురు పైడి ఓనాడు బడిలో, "ఏ సంఖ్యను దానితోనే గుణిస్తే మైనస్ ఒకటి వస్తుందండీ?" అని అడిగింది.

"అధికప్రసంగీ!" అంటూ అక్కడ పాఠం చెప్పే ఆస్థాన గణితాచార్యుడు పిల్లను బడిలోంచి గెంటేశాడు.

గవరమ్మ కూతురి చెయ్యి పట్టుకుని తిన్నగా రాజసభకు వెళ్ళింది. "అడగడం కూడా నేరమేనా మహారాజా?"

"లేనిదాన్ని అడిగితే నేరమే!" అని ఆచార్యుడు లేచాడు. "ప్లస్ ఒకటితో గుణించడమంటే ఉన్నట్టే నిలబడటం, మైనస్ ఒకటితో గుణించడమంటే వెనక్కి తిరగడం. రెండుసార్లు ఏది చేసినా నా ముఖం రాజుగారి వైపే ఉంటుంది. ఒకే పని రెండుసార్లు చేసి వెనక్కి తిరగడం ఎవరి తరమూ కాదు!"

రోజూ గానుగెద్దును తిప్పే గవరమ్మ, "అలాగా బాబూ! ఏదీ, కుడిపక్కకి తిరగండి," అంది. తిరిగాడు. "మళ్ళీ అలాగే." తిరిగాడు.

సభంతా గొల్లున నవ్వింది. రాజుకు వీపు చూపడం ఆ సభలో మహాపరాధం. ఆచార్యుడు చేసిందే అది!

"నా కూతురడిగిన సంఖ్య ముందూ లేదు, వెనకా లేదు, పక్కన ఉంది," అంది గవరమ్మ. "మీరు పక్కకి చూడనందుకు నా బిడ్డను గెంటుతారా?"

"ఆచార్యా, ఆ పిల్లను మీరే చెయ్యి పట్టుకుని బడికి తీసుకెళ్ళండి, మీ అపరాధం మన్నిస్తాను," అన్నాడు రాజు.

ప్రశ్న అడిగారని మిమ్మల్నెవరైనా గెంటితే నాతో చెప్పండి, వాళ్ళ సంగతి చూస్తాను. ఇక లేవండి, అన్నం చల్లారిపోతుంది.