తొమ్మిదో నంబరు అమ్మాయి

ముప్ఫై ఏళ్ళు గడిచినా, ఆ రోజు తనన్న మాట తలుచుకుంటే తాయారుకి ఇప్పటికీ సిగ్గేస్తుంది.

"నన్ను బయటికి తీసెయ్యండి టీచర్‌గారూ. ఇంక ఆడ్డానికేముంది?"

సముద్రం అవతలి దేశంలో ఆసియా బాస్కెట్‌బాల్ పోటీలవి. ఆతిథ్య జట్టు మీద మన అమ్మాయిలు నలభై ఆరు పాయింట్లు వెనకబడ్డారు. ఇంకా పది నిమిషాల ఆట ఉంది. తాయారు మన కెప్టెన్. ఆమె చేతిలోంచి బంతి జారినప్పుడల్లా హాల్లో జనం నవ్వుతున్నారు.

కోచ్ ఎలిశమ్మగారిని జట్టంతా మేడమ్ అనేవారు. తాయారొక్కతే టీచర్‌గారూ అనేది. సామర్లకోట హైస్కూల్లో తనకి ఆట నేర్పింది ఆవిడే. అక్కడ మట్టి కోర్టు ఉండేది. తెల్లారుతూనే ఎలిశమ్మగారు దాని మీద నీళ్ళు చల్లి, వంగి సున్నంతో గీతలు గీసేవారు. డబ్బా పట్టుకుని వెనకాలే నడిచేది పదేళ్ళ తాయారు. గీతలు ఆరేదాకా ఎవరినీ కాలు పెట్టనిచ్చేవారు కాదు. అంతసేపూ ఇద్దరూ గట్టు మీద కూర్చుని, ఒకే గ్లాసులో టీ చెరిసగం తాగేవారు. ఆ తడిమట్టి వాసన తాయారుకి మళ్ళీ ఏ దేశంలోనూ తగల్లేదు.

తీసెయ్యమన్నందుకు ఎలిశమ్మగారు కోప్పడలేదు. తాయారు బదులు ఇంకో అమ్మాయిని దింపి, తన పక్క కుర్చీ చూపించారు.

"కూర్చో. వాళ్ళలో ఎవరు బాగా అలిసిపోయారో చూసి చెప్పు."

తాయారు కాసేపు స్కోరు బోర్డు వైపే చూస్తూ కూర్చుంది. తర్వాత మెల్లగా ఆట కనపడసాగింది. వాళ్ళ తొమ్మిదో నంబరు అమ్మాయి బక్కగా ఉంది. మోకాలికి కట్టు. విజిల్ పడితే చాలు, వంగి తొడల మీద చేతులాన్చి ఊపిరి తీసుకుంటోంది.

అంతలో బంతి గీత దాటి పోబోయింది. తొమ్మిదో నంబరు అమ్మాయి గాల్లోకి దూకి దాన్ని లోపలికి కొట్టి, తాయారు కాళ్ళ దగ్గర కుర్చీల మధ్య పడింది. మోచెయ్యి గీరుకుపోయింది. తాయారు చెయ్యిచ్చి లేపింది. ఆ పిల్ల తల వంచి నమస్కరించి, మళ్ళీ పరిగెత్తింది.

"ఎవరు అలిసిపోయింది?" అన్నారు ఎలిశమ్మగారు.

"ఈ అమ్మాయేనండి."

"వాళ్ళు గెలిచేసినట్టేగా. ఆ బంతి వదిలెయ్యొచ్చుగా?"

తాయారు భుజం మీది తువ్వాలు తీసి కుర్చీలో పెట్టి లేచింది.

"వెళ్తానండి."

"వెళ్ళు."

ఆ మిగిలిన ఏడు నిమిషాలూ తాయారు ఆ అమ్మాయిని వదల్లేదు. బంతి కోసం ఇద్దరూ రెండుసార్లు కలిసే కిందపడ్డారు. ఒకసారి తాయారు ఆమె చేతిలోంచి బంతి లాక్కుని ముందుకి విసిరితే, మన జట్టులోకి కొత్తగా వచ్చిన లతీఫా బుట్టలో వేసింది. అప్పుడు హాల్లో ఎవరూ నవ్వలేదు.

ఆట అయ్యాక తొమ్మిదో నంబరు అమ్మాయీ తాయారూ ఎదురుపడ్డారు. ఒకరి భాష ఒకరికి రాదు. ఆ అమ్మాయి తాయారు చేతిని తన రెండు చేతుల్లోకి తీసుకుని చాలాసేపు వదల్లేదు.

సాయంత్రం బస్సులో ముందు సీట్లో ఎలిశమ్మగారు ఒక్కరే కూర్చుని ఉన్నారు. తాయారు వెళ్ళి పక్కన నిలబడింది.

"చివరికి ఎంత తేడాతో ఓడాం?" అడిగారు ఆవిడ.

తాయారు గుర్తు చేసుకోబోయి ఆగింది.

"చూడలేదండి."

ఎలిశమ్మగారు కిటికీ వైపు జరిగి, ఆమెకి చోటిచ్చారు.