కీచురాయి పాట ఆగిన సాయంత్రం

అనగనగా ఒక అడవిలో, సాయంత్రం సరిగ్గా ఆరు గంటలకు, ఒక కుందేలమ్మ తన ముగ్గురు పిల్లల చెవులు నాకి శుభ్రం చేస్తోంది. గుట్ట మీది నుంచి వాగు పక్కనున్న ఈతపొదలోకి వాళ్లు మకాం మార్చింది ఆ ఉదయమే. పిల్లల్లో చివరిది దూదిపింజ.

పొద మీద కీచురాయి పాట ఎత్తుకుంది.

"ఏమయ్యా, పిల్లలు పడుకోవద్దూ? నీ గొంతు నొప్పెట్టదా?" అంది కుందేలమ్మ.

"గొంతు కాదక్కా, ఇవి రెక్కలు" అంది కీచురాయి, పాడుతూనే.

"పోనీ, కాస్త మెల్లగా రుద్దుకోరాదూ?"

"మెల్లగా అయితే వాగుదాకా వినబడదక్కా. అక్కడ దుప్పులు..."

"దుప్పుల గొడవ నాకెందుకు!" కుందేలమ్మ కాలు నేలకేసి కొట్టింది. "ఆపుతావా, నన్ను మళ్లీ గుట్ట ఎక్కమంటావా?"

కీచురాయిది మెత్తని మనసు. రెక్కలు ముడుచుకుంది.

పాట ఆగీ ఆగగానే, వాగులో నీళ్లు తాగుతున్న దుప్పులు తలెత్తి ఒకటే పరుగు. నెమలి చెట్టెక్కింది.

"ఎవరూ రాకుండానే పరుగా? పైగా నన్ను పిరికిదంటారు!" అని నవ్వింది కుందేలమ్మ.

మర్నాడూ పాట లేదు. ఆ నిశ్శబ్దం అందరికీ అలవాటైపోయింది. దుప్పులు తల కూడా ఎత్తలేదు.

మూడోనాడు నక్క వచ్చింది. దూదిపింజ పొద బయట గరిక కొరుకుతోంది. అడవిలో ఎవరూ కదల్లేదు. నక్క కాలికింద ఎండుటాకు చిటపటమంది. దూదిపింజ ఒక్క గెంతు గెంతింది. నక్క నోట్లో మిగిలింది తోక మీది బొచ్చే.

కుందేలమ్మ దూదిపింజను పొదలోకి లాక్కుని కీచురాయిని అడిగింది: "నువ్వు చూశావు కదా! ఒక్క మాట చెప్పలేకపోయావా?"

"ఎలా చెప్పనక్కా? ఎవరైనా పొంచి వస్తే నేను పాట ఆపుతాను. ఈ అడవికి నేను చెప్పే కబురు అదే. అసలు పాటే లేకపోతే ఇంక ఆపేదేముంది?"

కుందేలమ్మ చెవులు వాల్చేసింది.

"పాడు తమ్ముడూ" అంది చివరికి. "కాస్త గట్టిగానే పాడు."

ఆ సాయంత్రం ఆ పాటలోనే పిల్లలు ముగ్గురూ ఒకరి మీద ఒకరు పడి నిద్రపోయారు.

కొన్నాళ్లకు కాకి ఒక కబురు మోసుకొచ్చింది. నక్క ఏరు దాటి వేరే అడవికి వెళ్లిపోయిందట. వెళ్తూ వెళ్తూ, "ఆ పురుగు ఎంత పాడినా భరించగలను. అది ఊరుకుందంటే మాత్రం అడవంతా మేలుకుంటుంది" అని గొణుక్కుందట.

నీతి: పక్కవారి సందడిని ఆపించే ముందు అది ఎవరికి కాపు కాస్తోందో అడిగి తెలుసుకో, పాట ఉన్నచోటే మౌనం కూడా మాట్లాడుతుంది.